కొయ్యబొమ్మల కొలువులో పేరంటం

దసరా వచ్చిందంటే మణిశృంగ నగరంలో కోటగోడలకు కూడా కొత్త కోక కట్టినట్టుండేది. గోపురాల మీది పసిడి కలశాలు సాయంకాలపు ఎండకు నిప్పుకణికల్లా మెరిసేవి. రాజవీధి పొడుగునా అరటిబోదెలు, మామిడాకు తోరణాలు, ఏనుగు మెడంత లావున బంతిపూల దండలు. కోట చుట్టూ కందకంలో ఎర్రతామరలు, తామరల కింద మొసళ్ళు. మొసళ్ళకు ప్రత్యేకంగా పండగ చేసేవారు కాదు. ప్రచండవర్మ మహారాజు పాలనలో వాటికి ఏడాది పొడుగునా పండగే.

అంతఃపురంలో బొమ్మల కొలువు పేరంటానికి వెళ్ళే పల్లకీల వెనక, పసుపుగిన్నెల బుట్ట నెత్తిన పెట్టుకుని ఒక పనిమనిషి నడుస్తోంది. ముతక చీర, ముక్కు దాకా లాక్కున్న కొంగు. బుట్ట కింద చుట్టకుదురులో మాత్రం ఒక కటారి ఉంది. ఆమె పేరు కలకంఠి.

ఆ పేరు తండ్రి పెట్టాడు. పిల్ల మొదటి ఏడుపు ఏడవక ముందే పెట్టేశాడు, అదీ ఆయన చేసిన పొరపాటు. పిల్ల నోరు విప్పేసరికి కొట్టంలో గుర్రాలు కట్లు తెంపుకుని పారిపోయాయని ఊళ్ళో ఇప్పటికీ చెప్పుకుంటారు. రాజుగారి గుర్రాలకు నడకలు నేర్పే ఆ ఇంట్లో గొంతు అనేది ఒక్కతికే వచ్చింది, పెద్దపిల్ల హేమవల్లికి. చెల్లెలి వాటా కూడా దేవుడు ఆమెకే కొలిచి పోశాడు. హేమవల్లి కట్టిన పాటలు దేశంలో ప్రతి విసుర్రాయి దగ్గరా, ప్రతి ఊయల పక్కనా వినిపించేవి.

అదే ఆమె ప్రాణం మీదికి తెచ్చింది.

ప్రచండవర్మకు కవిసార్వభౌముడన్న బిరుదు ఉంది, కవిత్వం లేదు. ముందు బిరుదు చేయించుకుందాం, కవిత్వం సంగతి నిదానంగా చూసుకోవచ్చునని ఆయన ఉద్దేశం. ఆయన పద్యం ఎత్తుకుంటే పట్టపుగుర్రం చెవులు వెనక్కి పెట్టేది. ఆస్థాన పండితులు తలలు ఊపేవారు. గుర్రానికి మాన్యాలు లేవు కదా!

అటువంటి సమయంలో దారుభైరవుడనే మాంత్రికుడు వచ్చి ఉపాయం చెప్పాడు. పాటలు కట్టే ఆడవాళ్ళను సత్కారమని పిలిపించాలి. పట్టుచీర కప్పి, పాడమనాలి. ఆమె పాడిన పాటను దారుభైరవుడు పొల్లుపోకుండా తన నోట తిరిగి పాడతాడు. ఆఖరి మాట అయ్యేసరికి పాటా, పాడిన గొంతూ అతనివవుతాయి. పాడిన మనిషి జానెడు కొయ్యబొమ్మ అవుతుంది. పాట రాజుగారి పేరుతో రాగిరేకుకు ఎక్కుతుంది, బొమ్మ రాణిగారి కొలువుకు ఎక్కుతుంది. ఇంటివాళ్ళు వచ్చి అడిగితే, "మీ అమ్మాయి పాట విని దేవకన్యలు తమతో తీసుకుపోయారు" అని చెప్పి చీరలు పెట్టి పంపేవారు. కొందరు చీరలు బాగున్నాయని కూడా అన్నారు.

హేమవల్లి ఇంటికి ఆమెకు కప్పిన పట్టుచీరే తిరిగి వచ్చింది. మడతైనా నలగలేదు. దాని వెంటే, దారుభైరవుడు అక్కను కొయ్యబొమ్మను చేశాడన్న కోట పనివాళ్ళ గుసగుస కూడా వచ్చింది. కలకంఠి దాన్ని పొయ్యిలో పెట్టి, ఆ బూడిద నుదుట రాసుకుని, "వాణ్ణి కొయ్యను చేసి ఇదే పొయ్యిలో పెట్టకపోతే నేను హేమవల్లి చెల్లెల్నే కాను!" అంది. బొంగురు గొంతుకు ఆ మాట బాగా నప్పింది.

ఆ తర్వాత మీసం అతికించుకుని, గుర్రాల కాపరినంటూ దారుభైరవుడి కొండమఠంలో చేరి లద్దె ఎత్తింది. లద్దె ఎత్తేవాళ్ళ ముందు ఎవరూ గొంతు తగ్గించి మాట్లాడరు. ఒకనాడు శిష్యుడు అడగనే అడిగాడు:

"స్వామీ, ఈ మంత్రానికి విరుగుడంటూ లేదా?"

"ఎందుకు లేదూ? పాట నా నోట నిండుగా ఉన్నంతకాలమే వాళ్ళు కొయ్యలు. ఆ పాట తెలిసినవాళ్ళ ఎదుట నేను చరణం తక్కువగా పాడి, ఆ మిగిలిన చరణం వాళ్ళు అందుకున్నారో, కొయ్యతనం నాకు ఎక్కుతుంది. చివరి మాట పడేసరికి నేను కట్టెను, ఆ కొయ్యలందరూ మనుషులు."

శిష్యుడి ముఖం పాలిపోవడం చూసి మాంత్రికుడు పకపకా నవ్వాడు. "వెర్రివాడా! ప్రతి పాటా మొదలంటా రాగి మీద చెక్కించి పెట్టాను. ఇంక తక్కువ పడేందుకు అందులో ఏముంది?"

గోడ అవతల కలకంఠి గంప కింద పెట్టేసింది. వీడు పాట అంటే రాగిరేకు అనుకుంటున్నాడు! వంటింట్లో పాట ఎప్పుడైనా పూర్తయిందా? అత్త పాడినదానికి కోడలు చరణం కలుపుతుంది. కోడలు పుట్టింటికి వెళితే అక్కడ వదిన మరొకటి తగిలిస్తుంది. విసరవలసిన గింజలు ఇంకా ఉంటే పాట కూడా ఇంకా ఉంటుంది.

ఆ పూటే ఆమె గడ్డివామి చాటున కూర్చుని జన్మలో మొదటిసారి ఒక చరణం కట్టింది. మీసం పీకి పారేసి, గాజులమ్మే మనిషి వేషంలో ఊరూరా తిరిగి, అక్క కట్టిన పవళింపు పాటకు చివర దాన్ని తగిలించి నేర్పింది. ఆమె గొంతులో విన్నవాళ్ళు తలుపులు వేసుకుని బాగుచేసుకుని పాడుకున్నారు. షరతు ఒక్కటే. మగవాడి అడుగు వినపడితే ఆ చరణం దగ్గర నోరు మూసుకోవాలి. చరణం రాజధానికి చేరి, కోట వంటశాలలోకి దూరిందని తెలిశాక, ఆమె ఒక పుకారు పుట్టించింది: ఈ దసరా పేరంటంలో హేమవల్లి బొమ్మను ఎవరో ఆడమనిషి ఎత్తుకుపోతుందట!

పేరంటం జరిగేటప్పుడు కొలువు మందిరంలోకి మగపురుగు రాకూడదు. రాజైనా సరే. కాబట్టి కాపలా కాయాలంటే దారుభైరవుడు చీర కట్టుకుని రావాలి. చీర కట్టుకుని పేరంటానికి వచ్చినవాడు పాట పాడక తప్పదు.

అదీ వల. ఇంక చేప రావాలి.

అంతఃపురం గుమ్మం మీద దారుభైరవుడి కొయ్యచిలుక కూర్చుని ఉంది. లోపలికి వెళ్ళే ప్రతి ఆడదీ దాని ముందు కూనిరాగం తీయాలి. పాటలు కట్టే మనిషని తోస్తే అది కీచుమంటుంది, భటులు వచ్చి జుట్టు పట్టుకుంటారు.

"పాడు!" అంది చిలుక, గాజుకళ్ళు తిప్పుతూ.

కలకంఠి బుట్ట సర్దుకుంది. జన్మకు ఒక్క చరణమే అయినా, కట్టింది కదా! కనిపెడితే కథ ఈ గుమ్మంలోనే ముగుస్తుంది. ఏమైతే అయిందని నోరు తెరిచి రాగం తీసింది.

చిలుక తల పక్కకు వాలింది. తోకకు అతికించిన ఈక ఒకటి ఊడి కింద పడింది. భటులిద్దరూ ఈటెలు చంకన పెట్టుకుని చెవులు మూసుకున్నారు.

"చాలు, చాలు! పో లోపలికి! పని చూసుకో!"

లోపల ముసలి చెంగమ్మ ఎదురుచూస్తోంది. అంతఃపురానికి పసుపు కొట్టేది ఆమే. కలకంఠికి ఆ చీరా, ఆ బుట్టా ఇచ్చి రప్పించిందీ ఆమే. చెవి కాస్త మందం.

"ఏమే, గుమ్మంలో కోడిని గానీ కోస్తున్నారా?"

"నేనే అవ్వా, పాడాను."

"ఓహో," అంది చెంగమ్మ. "పోనీలే, చిలక బతికింది కదా. పద."

కొలువు మందిరం చూస్తే కళ్ళు చెదిరాయి. స్ఫటిక స్తంభాలు, వాటికి చుట్టిన ముత్యాల సరాలు, కప్పు నుంచి వేలాడే వెండి దీపాలు. నడుమ నేల నుంచి కప్పు దాకా పాలనురుగు లాంటి తెల్లపట్టు పరిచిన మెట్లు. కింది మెట్ల మీద మట్టి సింహాలు, అంబారీ ఏనుగులు, పెళ్ళివారు, కూరగాయల సంత. పైమెట్ల మీద కొయ్య అమ్మాయిలు. ఒకతె చేతిలో కవ్వం, ఒకతె చేతిలో చేట, ఒకతె ఒడిలో లేని బిడ్డను ఊపుతున్న చేతులు. రంగులు దేదీప్యమానంగా ఉన్నాయి. అందరి నోళ్ళూ కొద్దికొద్దిగా తెరుచుకునే ఉన్నాయి, ఎవరో మాట మధ్యలో తుంచేసినట్టు.

"ఆ కవ్వం పట్టుకున్నదే మా తులసి," అంది చెంగమ్మ, ఎటో చూస్తూ. "రోజూ పొద్దున్నే బొమ్మలు తుడిచే పని అడిగి పుచ్చుకున్నాను. దాని పెదవుల మీద దుమ్ము పడనివ్వను."

అన్నిటికంటే పైమెట్టు మీద, ఆకుపచ్చ చీరలో, తాళం వేస్తున్నట్టు చెయ్యెత్తి హేమవల్లి. ముఖానికి అడ్డంగా మల్లెదండ వేలాడుతోంది. కలకంఠి అటు ఒక్కసారే చూసి, తల వంచుకుని, పసుపుగిన్నె తీసుకుని పేరంటాళ్ళ పాదాల దగ్గర కూర్చుంది.

కొలువు పక్కన దంతపు పీట మీద రాణి రత్నప్రభాదేవి. చిరునవ్వు తప్ప ముఖంలో ఏదీ కనపడనీయని మనిషి. ఆమె ఎటువైపో కోటలో ఎవరికీ తెలియదు, బహుశా రాజుకు కూడా.

కలకంఠి పసుపు రాస్తూ పోతోంది. పారాణి పాదాలు, పండిపోయిన పాదాలు, పల్లకీ తప్ప నేల ఎరగని పాదాలు. అప్పుడు ఆమె చేతికి రెండు పడవల్లాంటి పాదాలు తగిలాయి. మడమలు బీటలువారి ఉన్నాయి. గుగ్గిలం పొగ వాసన. మెట్టెలు ఉన్నాయి, కానీ ఉండవలసిన వేలికి కాదు, పక్కనున్న నడిమి వేలికి.

తల ఎత్తకుండానే ఆమెకు తెలిసిపోయింది. చేప వచ్చింది.

"ఏ ఊరు వదినగారూ తమది?" పక్కన కూర్చున్న సేనాపతి భార్య అడుగుతోంది.

"గరుడాచలం. సామంతులవారి పెద్దభార్యను," అంది ఒక సన్నని గొంతు, ఎక్కడో బిగబట్టి పిండినట్టు. "శృంగారవల్లరీదేవి నా పేరు."

ఆ పేరు ఆడది పెట్టుకునే పేరు కాదు. ఆడదానికి మగవాడు పెట్టే పేరు.

"మెట్టెలు ఆ వేలికి పెట్టుకున్నారేమిటండీ?"

"మా దేశాచారం."

"పిల్లలెంతమంది?"

"పదకొండుమంది."

"అయ్యో తల్లీ! మరి పురుళ్ళు ఎవరు పోశారు, పుట్టింటివారేనా?"

శృంగారవల్లరీదేవి ఈ ప్రశ్న ఊహించి రాలేదు. "ఎవరూ పోయలేదు," అంది దర్జాగా. "నేనే పోసుకున్నాను."

పేరంటాళ్ళు ఒకరి ముఖాలు ఒకరు చూసుకున్నారు. ఒకామె కొంగు నోట్లో కుక్కుకుంది.

ఆ నవ్వుల మధ్య పెద్ద చెయ్యొకటి దిగి కలకంఠి మణికట్టు పట్టుకుంది. "ఏయ్ పిల్లా! నీ అరచేతులేమిటి ఇలా కాయలు కాశాయి? పసుపు నూరే చేతుల్లా లేవే. కళ్ళాలు పట్టిన చేతుల్లా ఉన్నాయి."

రెండో చేతిలో విసనకర్ర పిడి కలకంఠి మెడ వైపు తిరిగింది. ఆ పిడి నల్లని నాగకొయ్య. మంత్రదండాన్ని గుర్తుపట్టడానికి ఆమె లద్దె ఎత్తిన రోజులు చాలు.

"కళ్ళాలు పట్టినవే అమ్మగారూ," అంది కలకంఠి వినయంగా. "ఇంట్లో మొగుడున్నాడు కదండీ. వదిలితే కల్లు దుకాణం దాకా ఆగడు."

మందిరమంతా ఘొల్లుమంది. రాణి కూడా నవ్వింది. నవ్వుతూనే లేచి, చేతిలో హారతిపళ్ళెం తీసుకుంది. చెయ్యి విదిల్చేసి శృంగారవల్లరీదేవి సర్దుకుని కూర్చుంది.

"దీపాలవేళయింది," అంది రాణి. "బొమ్మలను పవళింపజేయాలి. పేరంటానికి వచ్చినవారిలో పెద్దావిడ ఆ పాట పాడడం మా ఇంటి ఆనవాయితీ. శృంగారవల్లరీదేవిగారూ, తమరు పాడాలి."

"నాకు... గొంతు బాగోలేదు, రాణీ."

"పదకొండుమందిని జోకొట్టిన గొంతు! ఎంతమాట! పాడకుండా తాంబూలం పుచ్చుకోవడమంటూ పేరంటంలో ఉండదు కదండీ."

పేరంటాళ్ళందరూ అటే చూస్తున్నారు. ఎవరి చూపులోనూ నవ్వు మిగిలి లేదు. దారుభైరవుడు ఒక్క క్షణం ఆలోచించాడు. పాట రాగిరేకు మీద నిండుగా ఉంది, తన నోటా నిండుగా ఉంది. భయమెందుకు? పెదవి మీద చిరునవ్వు మెరిసింది. విసనకర్ర ఒళ్ళో పెట్టుకుని ఎత్తుకున్నాడు:

"పొద్దు వాలెను బొమ్మలారా, పవళించరమ్మా
ముద్దుముచ్చట తీరెనమ్మా, పవళించరమ్మా
అంబారి దిగి ఏనుగమ్మా, పవళించరమ్మా
సంబరాలిక రేపటికమ్మా, పవళించరమ్మా..."

గొరిగిన ఆ మూతిలోంచి హేమవల్లి గొంతు వచ్చింది. అదే తీపి, 'అమ్మా' దగ్గర అదే చిన్న విరుపు. కలకంఠి చెయ్యి చుట్టకుదురులోకి పోయి కటారి పిడి పట్టుకుంది. చెంగమ్మ ఆ చెయ్యి తన ముసలి గుప్పిట్లో బిగించి, "పాడనీ," అని పళ్ళ మధ్యనుంచి అంది. "పూర్తిగా పాడనీ వెధవను."

పాట అయింది. మాంత్రికుడు తాంబూలానికి చెయ్యి చాపాడు.

ఎవరూ కదలలేదు. చాపిన చెయ్యి చాపినట్టే ఉంది.

"తాంబూలం?" అన్నాడు.

రాణి రత్నప్రభాదేవి పళ్ళెం కింద పెట్టింది. "అప్పుడే? పాట ఇంకా ఉంది కదా వదినగారూ."

"ఏముంది? అయిపోయింది."

"మీ రాగిరేకులో అయిపోయిందేమో. మా వంటింట్లో ఇంకా ఉంది."

దారుభైరవుడి ముఖంలో రంగు దిగజారడం మొదలైంది. అయినా మందిరంలో నోరు లేవలేదు. ఎవరో ఒకరు ముందు ఎత్తుకోవాలి. ఎత్తుకున్నదాని మీదికే ఆ నాగకొయ్య తిరుగుతుందని అందరికీ తెలుసు. అప్పుడు పాదాల దగ్గర కూర్చున్న పసుపుమనిషి కొంగు తీసేసి లేచి నిలబడింది. గుర్రాలు కట్లు తెంపుకునే గొంతుతో, దేశంలోకెల్లా అపస్వరమైన గొంతుతో ఎత్తుకుంది:

"కొయ్యలోపలి అక్కలారా, కునుకు చాలమ్మా..."

వెంటనే చెంగమ్మ అందుకుంది. సేనాపతి భార్య అందుకుంది. రాణి అందుకుంది. ఆపైన ఎవరు ఎవరో తెలియలేదు, మందిరం కప్పు అదిరింది:

"ఉయ్యాల కాదిది ఉచ్చు సుమ్మా, కునుకు చాలమ్మా..."

దారుభైరవుడు లేవబోయాడు. లేవలేదు. పసుపు రాసిన చోటినుంచే కొయ్యతనం ఎక్కుతోంది. నడిమివేళ్ళ మెట్టెలు రంగుగీతలైపోయాయి. పాదాలు ఠకఠకలాడాయి. వికృతంగా కేకపెట్టి విసనకర్ర విసిరేసరికి, అది మొదటి మెట్టుకు తగిలి, అక్కడున్న మట్టి సింహం ఒళ్ళు విరుచుకుని దూడంతై, ఎద్దంతై, గర్జిస్తూ దూకింది! పేరంటాళ్ళు పీటలెక్కారు. పీటలెక్కి కూడా పాట ఆపలేదు. కలకంఠి పసుపుగిన్నె ఎత్తి దాని కళ్ళలో కొట్టింది. గుడ్డిగా తిరుగుతున్న మృగం వీపు మీదికి పొగరుగుర్రం మీదికి ఎక్కినట్టు ఎగిరి కూర్చుని, జూలు పట్టుకుని, కుత్తుకలో కటారి దించింది. నెత్తురు రాలేదు. సింహం నేలకు కొట్టుకుని పెంకుపెంకులైంది. ఆ పెంకుల మధ్య ఆమె మోకాళ్ళ మీద నిలిచింది.

"పాట దోచిన వాని ఒళ్ళే చేవదేరునుగా..."

నడుం దాకా, ఛాతీ దాకా, మెడ దాకా. మనిషి కుంచించుకుపోతున్నాడు. చీర కుప్పలో మిగిలింది జానెడు బొమ్మ, దాని మెడ మీద నిమ్మకాయంత బతికిన తల. ఆ తల నవ్వుతోంది.

"కోట గుమ్మం దాటి రండి..."

"పాడవే! ఆ చివరి మాట కూడా పాడు!" అని తల కీచుగా అరిచింది. "ఇక్కడున్న కొయ్యలన్నీ లేస్తాయి. ఆ మాట వినని కొయ్య మాత్రం నా గొంతుతోపాటే ఎప్పటికీ కొయ్య! నీ గొంతు వినగానే హేమవల్లి చెల్లెలివని తెలిసింది, ముందు పైకెక్కి మీ అక్కను చూసుకో!"

"ఆపండి!" అని కలకంఠి పెట్టిన కేకకు దీపాలు రెపరెపలాడాయి. నోళ్ళన్నీ ఠక్కున మూతపడ్డాయి, ఒక్క చెంగమ్మది తప్ప. చెవి మందం కదా! ఆమె "మే..." అనేసరికి రాణి వంగి తన అరచేతితో ఆ నోరు మూసింది.

కలకంఠి పట్టు పరిచిన మెట్లు తొక్కుకుంటూ పైకి పాకి, మల్లెదండ తెంపి, ఆకుపచ్చ చీర బొమ్మను అందుకుంది. చేతికి రంగు అంటింది. ఇంకా ఆరని కొత్త రంగు. ఆ బొమ్మ నోరు మూసి ఉంది.

"తెల్లవారుజామునే పంపించేశాం," అంది తల, ముద్దుగా. "నీ పుకారు నాకు అందాక అసలు బొమ్మను ఇక్కడ ఉంచుతామా? మరకతద్వీపం రాజుకు కానుక. ఓడ రేవులోనే ఉంది. దీపాలవేళ దాటితే తెరచాప ఎత్తుతారు. పాడు, పాడు. నేను చచ్చినా ఫరవాలేదు, నువ్వు బతికినన్నాళ్ళూ ఏడవాలి!"

మందిరంలో ఉన్న ప్రతి కొయ్యకూ ఇక్కడే ఒక తల్లో, చెల్లో, వదినో ఉంది. ఒక్క మాట అంటే చాలు, వాళ్ళు లేస్తారు. కలకంఠి వాళ్ళ ముఖాలు చూడలేక మూసిన నోటి బొమ్మ వైపు చూసింది.

రాణి చెయ్యి తీసేసి చెంగమ్మ ముందుకొచ్చింది. మెట్టు మీంచి తులసిని తీసుకుని ఒళ్ళో పెట్టుకుని చతికిలబడింది.

"ఏమిటే అలా చూస్తావు? ఇన్నాళ్ళు నిలబడ్డ పిల్ల ఇంకో నాలుగు రోజులు కూర్చోలేదా? పాట ఎవరిదనుకున్నావు? మీ అక్కది. ఆ పాట పెట్టుకుని మావాళ్ళం లేచి, పాట కన్నదాన్ని సముద్రంలో వదిలేస్తే, ఇదిగో, ఇదే లేచి నా ముఖాన ఉమ్ముతుంది." పమిటతో బొమ్మ పెదవులు తుడిచింది. "ఫో. తీసుకురా దాన్ని. చివరి మాట అందరం కలిసి అందాం."

అప్పుడే బయట తలుపులు దడదడలాడాయి. "రాణీ! ఏమిటా కేకలు? ఏమిటా పాట?" అది ప్రచండవర్మ గొంతు.

"తమరు రాసిందే కదా మహారాజా!" అంది రాణి తీయగా. "గుర్తులేదా?"

తలుపు మీది దడదడ ఆగింది. కవిసార్వభౌముడు గుర్తుచేసుకుంటున్నాడు.

రాణి ఈ లోగా అడ్డగడియ వేసి, పేరంటాళ్ళ వైపు తిరిగింది. "పాట అవకుండా పేరంటం అవదు. పేరంటం అవకుండా మగవాళ్ళు గుమ్మం తొక్కకూడదు. ఇది ఆయన ముత్తాత పెట్టిన కట్టడి, తొక్కితే సామంతులే తిరగబడతారు. శనగలున్నాయి, బెల్లముంది, వెనక బావి ఉంది. ఎన్నాళ్ళయినా సరే, ఈ అమ్మాయి తిరిగివచ్చేదాకా ఇది అదే పేరంటం. కూర్చోండి." తర్వాత కిటికీ తెర తొలగించి కలకంఠికి చూపించింది. "కింద గుర్రపుశాల."

కలకంఠి ఆ నిమ్మకాయ తలను జుట్టు పట్టి ఎత్తి, పసుపుబుట్టలో పడేసి మూత వేసింది. కిటికీ ఎక్కి కిందికి చూసింది. కింద శాల వాకిట్లో, మేలిమి జీను వేసి, పట్టుపగ్గంతో కట్టిన పట్టపుగుర్రం. తన తండ్రి నడక నేర్పిన గుర్రం. ఆమె నోటినిండా గాలి పీల్చి, మనసారా పాడింది.

గుర్రం పగ్గం తెంపుకుంది.

మేడ మీంచి ఆమె దాని వీపున పడడం, శాల వాకిటి తలుపు విరగడం, "పట్టండి!" అన్న కేక, అన్నీ ఒకేసారి జరిగాయి. రాజవీధిలో అరటిబోదెలు అటూ ఇటూ ఒరిగిపోయాయి. కోటవంతెన అప్పటికే సగం పైకి లేచింది. ఆ వాలు మీద గుర్రాన్ని ఎక్కించి, కందకం మీదుగా ఎగిరించింది. తామరల కింద మొసళ్ళు నోళ్ళు తెరిచి, ఏమీ పడక, మళ్ళీ మూసుకున్నాయి. వెనక నుంచి వచ్చే బాణాలు చెవుల పక్క ఝుమ్మన్నాయి. ఒకటి బుట్టకు గుచ్చుకుంది. లోపలినుంచి "కాస్త చూసి పోనీవే!" అని తిట్టు వినిపించింది.

రేవు చేరేసరికి సముద్రం మీద ఎర్రని వెలుగు ఒక్క గీత మిగిలింది. మరకతద్వీపం ఓడ మూడు తెరచాపలూ విప్పుకుని రేవు వదిలి కదిలిపోయింది. వెనుక దీపం మిణుకుమంటోంది. ఒడ్డున పడవ అన్నది లేదు. వెనక వీధి మలుపులో కాగడాలు కనిపిస్తున్నాయి.

బుట్ట మూత పక్కకు జరిగింది. పసుపు పూసుకున్న తల బయటికి తొంగిచూసి పకపకా నవ్వింది. "అయిపోయిందిగా! వంతెన మీద దూకినట్టు సముద్రం మీద దూకుతావా ఏమిటే? మునిగిపోతాం!"

కలకంఠి బుట్టను నడుముకు బిగించి కట్టుకుంది. వాడి జానెడు కొయ్య ఒంటిని వేలి కణుపుతో టకటకా కొట్టి చూసింది. బాగా చేవదేరింది.

"నేను మునుగుతానేమో," అంది. "నువ్వు తేలతావు కదా. నిన్ను పట్టుకుంటాను."

అని, వాడు నోరు తెరిచేలోగా, గుర్రాన్ని మడమలతో పొడిచి సముద్రంలోకి దూకించింది.